సొంత పార్టీయా, ఉన్న పార్టీలో సీటా?

గుంటూరులో మా వార్డు మహిళలకు రిజర్వ్ అయినప్పుడు, ఫ్లెక్సీలో అభ్యర్థి కంటే ఆవిడ భర్త ఫొటోయే పెద్దది. కింద ఫోన్ నంబరూ ఆయనదే. ఆడవాళ్లు రాజకీయాల్లోకి రావాలంటే సొంత పార్టీ పెట్టుకోవాలా, ఉన్న పార్టీలో రిజర్వ్ సీటు తీసుకోవాలా? అప్పటినుంచీ ఈ రెండు దారుల గురించీ ఆలోచిస్తున్నాను.

మొదటిది ఉత్తర ఐర్లాండ్ ఆడవాళ్లు పట్టిన దారి. ఐర్లాండ్‌లో కలవాలనే జాతీయవాదులు, ఎక్కువగా కాథలిక్కులు, ఒక పక్క; బ్రిటన్‌తోనే ఉండాలనే వాళ్లు, ఎక్కువగా ప్రొటెస్టెంట్లు, మరో పక్క. మధ్యలో మూడు దశాబ్దాల నెత్తురు. 1996లో రెండు వైపుల ఆడవాళ్లూ కలిసి విమెన్స్ కొయలిషన్ అనే పార్టీ పెట్టారు. వచ్చినవి దాదాపు 1 శాతం ఓట్లే. అయినా అప్పటి ఎన్నికల పద్ధతి పుణ్యమా అని 2 సీట్లు దక్కాయి. మోనికా మెక్‌విలియమ్స్ కాథలిక్, పెర్ల్ సేగర్ ప్రొటెస్టెంట్. ఇద్దరూ ఒకే జట్టుగా శాంతి చర్చల్లో కూర్చున్నారు. 1998 ఒప్పందంలో బాధితుల మాట, పిల్లలు కలిసి చదివే బడుల మాట చేరాయంటే వాళ్ల పట్టుదల చాలా ఉంది. నాకు వాళ్లంటే ఎంతో గౌరవం. కానీ 2003లో అక్కడి అసెంబ్లీలో ఉన్న సీట్లు పోయాయి, 2006లో పార్టీయే మూతపడింది. నీది ఏ జెండా అని అడిగే చోట రెండూ పట్టనివాళ్లకు ఓటు నిలవడం కష్టం.

రెండోది మనది. ఆంధ్రప్రదేశ్ స్థానిక సంస్థల్లో ఆడవాళ్లకు సగం సీట్లు. ఒక్క ఎన్నికలో ఓడితే కొట్టుకుపోయేది కాదు. 2021లో విజయవాడ మేయర్ అయింది రాయన భాగ్యలక్ష్మి. టికెట్ మాత్రం పార్టీ చేతిలోనే, అదే దీని లోటు. అయినా నా మొగ్గు దీనికే.

మా వార్డు ఆవిడ గెలిచిన మూడో ఏడాది డ్రైనేజీ పొంగితే, ఫ్లెక్సీ మీది ఆ నంబరుకే ఫోన్ చేశాను. ఆవిడే ఎత్తారు, "వస్తున్నానమ్మా" అన్నారు.