మైన్‌క్రాఫ్ట్ మాబ్స్‌తో ఏళ్ల తరబడి కాపురం

అంతా ఘనాకారపు బ్లాకులతో కట్టిన వీడియో గేమ్ మైన్‌క్రాఫ్ట్‌లో ఒక రోజంటే మన గడియారంలో 20 నిమిషాలు. అందులో అసలు రాత్రి సుమారు 7 నిమిషాలు. కొత్తగా మొదలుపెట్టినవాళ్లు ఆ కాస్త సేపూ మట్టిలో గుంట తవ్వుకుని, నెత్తిన ఇంకో మట్టి బ్లాక్ పెట్టుకుని, బయట జాంబీల మూలుగులు వింటూ కూర్చుంటారు. అందులో నామోషీ ఏం లేదు. మొదటి రాత్రికి అంతకన్నా మంచి ఇల్లు దొరకదు. ఫోన్‌లోనూ కంప్యూటర్‌లోనూ ఈ ఆటని ఏళ్లుగా ఆడుతున్నవాణ్ణి కాబట్టి చెప్తున్నాను: ఇక్కడి శత్రువుల సంగతి కత్తి పట్టుకోకముందే సగం తేలిపోతుంది. ఎక్కడ వెలుతురు పెట్టారు, కప్పు ఎంత ఎత్తున వేశారు, దేని మొహంలోకి చూశారు, రాత్రి పడుకున్నారా లేదా... లెక్కంతా ఇక్కడే.

ముందు వెలుతురు. 2021 నవంబరులో 1.18 వెర్షన్ రాకముందు, వెలుతురు స్థాయి 7 గానీ అంతకన్నా తక్కువ గానీ ఉన్న చోటల్లా మాబ్స్ (ఆటలో వాటంతటవే తిరిగే జీవులు, ఇక్కడ శత్రువులు) పుట్టుకొచ్చేవి. టార్చ్ ఇచ్చే వెలుతురు 14. ఒక్కో బ్లాక్ దూరానికి ఒక్కో అంకె తగ్గుతుంది. అంటే ఆరు బ్లాకులు దాటితే ఆ టార్చ్ ఉన్నా లేనట్టే. అందుకే పాత ప్రపంచాల్లో ఎవరి ఇల్లు చూసినా దీపావళి రాత్రిలా ఉండేది. ఇప్పుడు వెలుతురు పూర్తిగా సున్నా అయిన చోటే పుడతాయి కాబట్టి అదే టార్చ్ రెట్టింపు దూరం కాపలా కాస్తుంది. ఈ ఒక్క మార్పుతో ఇల్లు కట్టుకోవడం హాయి అయింది. కప్పు మీద టార్చ్‌లు అందవికారం అనుకునేవాళ్లు సగం ఎత్తు స్లాబులు పరిస్తే సరి, కింది సగంలో వేసిన స్లాబుల మీద అవి పుట్టవు. గాజు మీదా పుట్టవు.

మామూలుగా మనకి 24 బ్లాకుల లోపల ఏ రాక్షసీ పుట్టదు (మాబ్స్‌ని పుట్టించే బ్లాక్ అయిన స్పానర్ ఉన్న గదులు వేరే సంగతి). "నా వెనకాలే ప్రత్యక్షమైంది" అని ఆటని తిట్టేవాళ్లని చాలామందిని చూశాను. ప్రత్యక్షం కాలేదు, నడుచుకుంటూ వచ్చింది. మనం చీకటిగా వదిలేసిన ఏ సందులోంచో వచ్చింది. ఈ సంగతి బుర్రకెక్కాక గుహలో దిగే తీరే మారిపోతుంది. ముందుకి తవ్వడం కన్నా, దాటి వచ్చిన పక్క సందులకి తలా ఒక టార్చ్ పెట్టడం, లేదా నాలుగు రాళ్లతో మూసేయడం ముఖ్యం.

ఇక క్రీపర్, దగ్గరికొచ్చి పేలిపోయే మాబ్. ఆటని తయారుచేసిన మార్కస్ పెర్సన్ పంది బొమ్మ చేయబోయి పొడవు, ఎత్తు కొలతలు తారుమారు చేస్తే వచ్చిన ఆకారం అది. ఆట మొత్తానికి అదే గుర్తయి కూర్చుంది. జాంబీలా మూలగదు, స్కెలిటన్‌లా ఎముకలు గలగలలాడించదు, తెల్లారితే ఎండకి కాలిపోదు. గనిలో ఇనుప ఖనిజం తవ్వుతుంటాం. రాయి పగులుతున్న టకటక మధ్యలో సన్నగా 'స్స్‌స్' మంటుంది. అక్కణ్ణుంచి మన చేతిలో ఉన్నది ఒకటిన్నర సెకను. కొత్తవాళ్లు ఆ ఒకటిన్నర సెకనూ అది ఎక్కడుందో వెతకడానికి ఖర్చు పెట్టేస్తారు. అలవాటైన చెయ్యి అయితే అప్పటికే షీల్డ్ పట్టుకుని ఉంటుంది, చప్పుడు వచ్చిన వైపు తిరిగి ఎత్తేస్తుంది. షీల్డ్ ఎత్తాక పనిచేయడానికి పావు సెకను పడుతుంది కాబట్టి తటపటాయించకూడదు. పేలుడు వైపు మొహం పెట్టి ఉంటే జావా ఎడిషన్‌లో (కంప్యూటర్ వెర్షన్) మనకి గీత కూడా పడదు. గోడకి మాత్రం గుంట పడుతుంది.

చోటు ఉంటే ఇంకా సులువు. పరుగెత్తుకెళ్లి ఒక దెబ్బ కొడితే అది వెనక్కి తూలుతుంది, మనమూ వెనక్కి తగ్గాలి. దూరం పెరిగితే ఉబ్బడం ఆపేస్తుంది. మళ్లీ దెబ్బ, మళ్లీ వెనక్కి. దానికి ఉన్న ప్రాణం 20, జావాలో ఇనుప కత్తి దెబ్బ 6, నాలుగు దెబ్బల్లో పని ముగుస్తుంది. వజ్రం కత్తికి మూడు చాలు. అయితే అక్కడ కత్తిని టపటపా కొడితే లాభం లేదు. దెబ్బకీ దెబ్బకీ మధ్య అర సెకను పైన ఆగితేనే పూర్తి బలం వస్తుంది. ఫోన్లలో ఆడే బెడ్‌రాక్ వెర్షన్‌లో ఆ గొడవ లేదు. ఇక ఇంటి దగ్గర పిల్లిని పెంచితే క్రీపర్లు దాని దరిదాపులకి రావు.

ఆయుధాల్లో దేనికి మార్కులు వేస్తానంటే, ఆరు చెక్క పలకలూ ఒక ఇనుప కడ్డీతో తయారయ్యే ఈ షీల్డ్‌కే. స్కెలిటన్ల బాణాలన్నీ అదే కాస్తుంది. బయలు ప్రదేశంలో స్కెలిటన్ వెంట పడటం దండగ, అది పక్కకి జరుగుతూ కొడుతూనే ఉంటుంది. ఒక మూల చాటుకి వెళ్లి నిలబడితే అదే దగ్గరికి వస్తుంది. క్రీపర్, స్కెలిటన్ రెండూ ఒకేసారి తగులుకుంటే మధ్యలో నిలబడి చూడండి: స్కెలిటన్ బాణం తగిలి క్రీపర్ చస్తే పాటల డిస్క్ ఒకటి రాలుతుంది.

ఫోన్‌లో మాత్రం కథ వేరు. షీల్డ్ ఎత్తాలంటే బెడ్‌రాక్‌లో వంగాలి, వంగే బటన్ స్క్రీన్ మీదే ఉంటుంది, నడక కూడా బొటనవేలి కిందే. చీకటి గుహలో, చెమట పట్టిన వేళ్లతో, చిన్న స్క్రీన్‌లో వెనక్కి తిరగడమే పెద్ద పని. టచ్ కంట్రోల్స్ పాత రోజులకన్నా చాలా మెరుగయ్యాయి గానీ, కీబోర్డ్, మౌస్‌తో ఆడినంత ధీమా రాదు. ఫోన్‌లో ఆడేవాళ్లకి నా సలహా ఒకటే, వెలుతురుకి ఇంకో పది టార్చ్‌లు ఎక్కువ ఖర్చు పెట్టండి, పోరాటాల జోలికి తక్కువ వెళ్లండి.

ఎండర్‌మ్యాన్ సంగతి మా మేనల్లుడితో ఆడుతున్నప్పుడు సరదాగా ఉంటుంది. దూరంగా నల్లగా, పొడుగ్గా ఏదైనా కదిలితే చాలు, "మామయ్యా, కింద చూడు, కింద చూడు!" అని అరుస్తాడు. దాని మొహంలోకి చూస్తేనే అది తిరగబడుతుంది. ప్రాణం 40, పైగా బాణం తగిలేలోపు మాయమై ఇంకోచోట తేలుతుంది. కానీ అది దాదాపు మూడు బ్లాకుల ఎత్తు. రెండు బ్లాకుల ఎత్తులో కప్పు వేసి కింద నిలబడితే లోపలికి రాలేదు, మనం మాత్రం కాళ్ల మీద కొడుతూ ఉండొచ్చు. చెక్కిన గుమ్మడికాయ తలకి పెట్టుకుంటే కళ్లు కలిసినా ఊరుకుంటుంది, కాకపోతే మనకి దారి సగమే కనిపిస్తుంది. వాడు గుమ్మడికాయ పార్టీ, నేను కప్పు పార్టీ.

జాంబీ, సాలీడు స్పానర్ దొరికినవాళ్లు దాన్ని పగలగొట్టొద్దు. మనం 16 బ్లాకుల లోపల ఉన్నంత సేపూ అది మాబ్స్‌ని పుట్టిస్తూనే ఉంటుంది. జాంబీ స్పానర్ అయితే నీళ్లతో తోసి 22 బ్లాకుల ఎత్తు నుంచి పడేస్తే 19 ప్రాణం పోయి ఒక్కటే మిగులుతుంది. కత్తితో ఒక్కటిచ్చుకుంటే చాలు, అనుభవం పాయింట్లు మనవి. ఇంకో బ్లాక్ ఎత్తు పెంచితే కిందపడగానే చస్తాయి, పాయింట్లు రావు. రాత్రుళ్లు పారిపోయిన మనిషే వాటిని వరుసలో నిలబెట్టి కొట్టడం... ఇందులో ఉన్న తృప్తి ఆడినవాళ్లకే తెలుస్తుంది.

ఇప్పటిదాకా చెప్పిన లెక్కల్ని తలకిందులు చేసింది వార్డెన్. 2022 జూన్‌లో 1.19తో వచ్చింది. దానికి కళ్లు లేవు, కాబట్టి టార్చ్‌లు పనికిరావు. ప్రాణం 500. ఆట కష్టం నార్మల్ స్థాయిలో ఉంటే దాని ఒక్క దెబ్బ 30, మన ప్రాణమే 20. దూరంగా ఉంటే ఛాతీలోంచి ధ్వని తరంగం వదులుతుంది, దాన్ని షీల్డ్ కూడా ఆపదు. చంపితే వచ్చేదీ దాదాపు ఏమీ లేదు. అంటే ఇది కొట్టడానికి పెట్టిన శత్రువు కాదు, తప్పించుకోవడానికి పెట్టింది. అట్టడుగున ఉండే ప్రాచీన నగరంలో స్కల్క్ సెన్సర్లు మన అడుగుల అదురు పసిగడతాయి, ష్రీకర్ అనే ఇంకో బ్లాక్ అరుస్తుంది, నాలుగో అరుపుకి నేల చీల్చుకుని వార్డెన్ లేస్తుంది.

అక్కడికి వెళ్లేటప్పుడు నా సంచిలో కత్తి కన్నా ఉన్ని ఎక్కువ. ఉన్ని బ్లాకుల మీద నడిస్తే అడుగుల అదురు పుట్టదు. పెట్టె చుట్టూ కూడా ఉన్ని పేర్చి, వంగి, మెల్లగా తెరవాలి. వార్డెన్ అప్పటికే లేచి ఉంటే ఒక మంచు ఉండ దూరంగా విసిరితే అది పడిన చప్పుడు వైపు తిరుగుతుంది. స్క్రీన్ నల్లబడుతూ తెల్లబడుతూ, గుండె చప్పుడు వినిపిస్తూ, అది పది బ్లాకుల దూరంలో ముక్కు ఎగబీలుస్తూ ఆగుతుంది. ఆ టెన్షన్ మామూలుగా ఉండదు. నిమిషం పాటు ఏ అలికిడీ తగలకపోతే తిరిగి భూమిలోకి దిగిపోతుంది. ఆటలోని శత్రువులన్నిటిలో నాకు బాగా నచ్చింది ఇదే.

నచ్చనిది ఫాంటమ్, ఎగిరే మాబ్. ఆటలో మూడు రోజులు పడుకోకపోతే ఆకాశంలోంచి వచ్చి పడతాయి. రాత్రంతా మేలుకుని ఇల్లు కట్టుకునేవాడికి ఇదేం శిక్షో అర్థం కాదు. మిగతా మాబ్స్ మనం వదిలేసిన చీకటికి ఫలితం, ఇవి మాత్రం మన ఆట తీరుకి జరిమానా. తమాషా ఏంటంటే వీటిని ఆటగాళ్లే 2017లో ఓటేసి గెలిపించుకున్నారు. పిల్లి ఇక్కడా ఆదుకుంటుంది, అవి దాని దగ్గరికి దిగవు. అంత ఓపిక లేకపోతే ఫాంటమ్‌లు రాకుండా ఆపే గేమ్ రూల్ ఉంది.

గేమ్ రూల్స్ అంటే గుర్తొచ్చింది. పిల్లల ప్రపంచంలో క్రీపర్ ఇల్లు కూల్చకుండా చాలామంది మాబ్ గ్రీఫింగ్ (మాబ్స్ బ్లాకుల్ని మార్చడం, పాడుచేయడం) ఆపేస్తారు. ఇల్లు నిలబడుతుంది, నిజమే, కానీ దాంతో పాటే ఇంకో నష్టం ఉంది. ఊళ్లో రైతులు పంట కోయరు. దానికి బదులు కీప్ ఇన్వెంటరీ పెట్టి, స్థాయి ఈజీలో ఉంచితే చచ్చినా సామాను పోదు, ఏడుపులూ ఉండవు. శత్రువులే పుట్టని పీస్‌ఫుల్ స్థాయిలో మాత్రం వదిలేయకండి. క్రీపర్లు లేకపోతే మందుగుండు దొరకడం కష్టం, పైగా అన్ని టార్చ్‌లు పెట్టాల్సిన పనే ఉండదు. ఈజీలో నాలుగు రాత్రులు గడిచాక పిల్లలే వచ్చి నార్మల్ పెట్టమంటారు. మావాడైతే హార్డ్ అడుగుతున్నాడు. హార్డ్‌లో జాంబీలు చెక్క తలుపులు బద్దలుకొడతాయని చెప్పాను. "ఇనుప తలుపు పెట్టుకుందాంలే మామయ్యా" అన్నాడు.