వెనుక గడియారం: రెండేళ్ల మూడు నెలలు కట్టుకున్నాక

ముందే చెప్తున్నా, వస్తువులో లోపమేమీ లేదు. చెప్పిన పని చెప్పినట్టు చేస్తుంది. పక్కనున్న మీట మూడు సెకన్లు నొక్కి పట్టుకుంటే లోకమంతా తొమ్మిది నిమిషాలు వెనక్కి పోతుంది. రెండు మిర్చి సీజన్లు ఆ దుమ్ములో, ఘాటులో తిరిగినా పట్టీ తెగలేదు, అద్దం మీద గీత పడలేదు. చిక్కంతా నా తలకాయతోనే వచ్చింది.

నేను వరంగల్ ఎనుమాముల మార్కెట్లో ఒక అడ్తి దుకాణంలో, అంటే రైతుల సరుకు కమీషన్ మీద అమ్మిపెట్టే చోట, గుమాస్తాను. ఫిబ్రవరి వచ్చిందంటే తేజ, వండర్ హాట్, 341, చపాటా మిర్చి రకాలన్నీ ఒక్కసారే యార్డు మీద పడతాయి. జెండా పాట, అదే పొద్దుటి వేలం, అయ్యీ కాకముందే కాంటాలు, హమాలీ లెక్కలు, రైతుకిచ్చే లెక్క చీటీలు, అంటే తక్‌పట్టీలు. తక్‌పట్టీలో ఒక్క అంకె తప్పు పడితే రైతుకు నష్టం, నాకు చీవాట్లు. అందుకే కొన్నాను. మొదటి సీజన్ అయితే దీనికి దండం పెట్టుకున్నాను. తప్పు రాశానా, మీట నొక్కు, మళ్లీ రాయి. ఒకే చాయ్ మూడుసార్లు తాగిన రోజులున్నాయి, డబ్బులు మాత్రం ఒక్కసారికే. గడియారం ఛార్జింగ్ మాత్రం వెనక్కి రాదు, అది కంపెనీవాళ్ల తెలివి.

అన్నిటికీ పనికొస్తుందనుకోకండి. కాజీపేటలో రైలు కళ్లముందే వెళ్లిపోతే నొక్కాను. తొమ్మిది నిమిషాల కింద ఎక్కడున్నానో అక్కడే తేలాను, ఫాతిమానగర్ బ్రిడ్జి మీద లారీ వెనుక. రైలు రెండోసారి కూడా పోయింది.

జబ్బు సంగతికొస్తాను. మీట నొక్కితే కాగితం మీది రాత పోతుంది, ఎదుటి మనిషి అన్న మాట పోతుంది, కడుపులోని చాయ్ కూడా గ్లాసులోకి వచ్చేస్తుంది. కట్టుకున్నవాడి జ్ఞాపకం ఒక్కటే మిగిలిపోతుంది. మొదట్లో అదే సుఖం అనిపించింది. ఏడాది దాటాక జరిగిందేదో, జరిగి రద్దయిందేదో తేడా తెలియకుండా పోయింది.

ఇది నాకు మొదట తెలిసింది చపాటా దగ్గర. దుగ్గొండి వైపు నుంచి ఒక రైతు తెచ్చాడు. 2025లో జీఐ గుర్తింపు, అంటే ఫలానా ఊరి సరుకని ముద్ర, వచ్చిన కాయ అదే, కారం తక్కువ, రంగు ఎక్కువ. మొదట లెక్కపెడితే 47 బస్తాలు వచ్చాయి. చీటీ కూడా రాసిచ్చాను. తర్వాత చూస్తే పక్క కుప్పవి రెండు కలిసిపోయాయి. మీట నొక్కి, సరిగ్గా లెక్కపెట్టి 45 రాశాను. పదిహేను రోజులకు ఆ రైతు డబ్బుకు వస్తే, నేను 47 అని ఒట్టు పెట్టి మరీ చెప్పాను. రైతే బిత్తరపోయాడు, తనకు రావలసినదానికంటే ఎక్కువ చెప్పే గుమాస్తాను ఎక్కడా చూసి ఉండడు. సేటు చిట్టా తీయమన్నాడు. నా చేతిరాతే, 45.

చిట్టాలో పద్దు తప్పుపడితే అడ్డంగా గీత కొడతాం. కింద అంకె కనిపిస్తూనే ఉంటుంది, గీతను బట్టి అది చెల్లదని తెలుస్తుంది. నా తలలో ఆ గీత పడటం లేదు. మా దుకాణంలో ఈ జబ్బుకు ‘కొట్టివేత’ అని పేరు పెట్టాం, డాక్టర్లు ఇంకా ఏ పేరూ పెట్టలేదు.

ఇంట్లోనూ అదే వరస. పాప ఫీజు కట్టానని నెల రోజులు వాదించాను. కట్టిన మాట నిజమే. చిల్లర దగ్గర కౌంటర్లో గొడవైతే మీట నొక్కి, ఆ చిరాకులో మళ్లీ కట్టకుండానే వచ్చేశాను. “రసీదు ఏది?” అని మా ఆవిడ ఒక్క మాట అడిగింది. రసీదు ఎక్కడుంటుంది?

హనుమకొండలో ఒక డాక్టరుకు చూపించుకున్నాను. స్కానింగులో ఏమీ లేదు. మామూలు మనుషుల జ్ఞాపకం కూడా అంత నికరమైనది కాదని చెప్పి ఒక ప్రయోగం సంగతి చెప్పాడు. 1974లో అమెరికాలో ఎలిజబెత్ లాఫ్టస్, జాన్ పామర్ కలిసి విద్యార్థులకు కార్ల ప్రమాదం ఫిల్ము చూపించారు. కార్లు ఒకదానికొకటి తగిలినప్పుడు వేగమెంత అని 50 మందిని, గుద్దుకుని నుజ్జయినప్పుడు వేగమెంత అని మరో 50 మందిని అడిగారు. వారం తర్వాత పగిలిన గాజు చూశారా అంటే, నుజ్జు మాట విన్నవాళ్లలో 16 మంది చూశామన్నారు, తగలడం మాట విన్నవాళ్లలో ఏడుగురు. ఫిల్ములో గాజు పగలనే లేదు. “వాళ్లు లేనిది చూశామన్నారు. నువ్వు నిజంగా చూసిందే చెప్తున్నావు, కానీ అది ఇప్పుడు లేదు. దీనికి నా దగ్గర మందు లేదు” అన్నాడు. ఫీజు మాత్రం తీసుకున్నాడు.

మందు చిట్టాలోనే దొరికింది. రద్దయిన నిమిషాల్లో రాసింది కాగితం మీద నిలవదు కాబట్టి, కాగితం మీద ఉన్నదే జరిగినది. జేబులో చిన్న నోటుబుక్కు పెట్టుకుని అన్నీ రాస్తున్నాను. కొనేవాళ్లు ముందు నోటుబుక్కు కొనండి, గడియారం తర్వాత. లెక్కల పనికి ఐదుకు నాలుగు చుక్కలు ఇస్తాను. ఇంటి మనుషుల మధ్య వాడితే ఒక్కటి కూడా ఇవ్వను.

ఎందుకంటే మాటలను ఎవరూ చిట్టాలో రాయరు. 2024 ఫిబ్రవరిలో మేడారం జాతరలో అమ్మ మొక్కు తీర్చాం, నిలువెత్తు బంగారం, అంటే మనిషి ఎత్తు తూకం బెల్లం. బెల్లం డబ్బులు ఎవరివి అనే దగ్గర మాటా మాటా పెరిగి, మా అన్న ఒక మాట అన్నాడు. నాన్న పోయిన రోజు కూడా నువ్వు లెక్కలే చూసుకున్నవు అని. వెంటనే మీట నొక్కాను. ఈసారి గొడవ రాకముందే డబ్బులు నేనే ఇచ్చేశాను. అన్న నవ్వుతూ బెల్లం బుట్ట మోశాడు. నేను మాత్రం రెండేళ్లు ములుగులో వాళ్లింటి గడప తొక్కలేదు. మొన్న జనవరి జాతరకూ పోలేదు.

పోయిన వారం అన్నే ఫోన్ చేశాడు. “ఏమైంది తమ్మీ, రెండేండ్లాయె” అన్నాడు. నోటుబుక్కు తిరగేశాను, ఆ జాతర రోజులకు నాకు ఆ అలవాటే లేదు. ఇక ఆగలేక అడిగేశాను, అన్నా, నువ్వు నన్ను ఈ మాట అన్నావా అని.

“నేను అనలే తమ్మీ. ఎవరు చెప్పిండ్రు నీకు?” అన్నాడు. కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత మెల్లగా, “మనసుల మాత్రం ఉండె” అన్నాడు.

ఉగాదికి ములుగు పోతున్నాం. గడియారం దుకాణంలో గల్లాపెట్టెలో ఉంది, ఛార్జింగ్ పెట్టలేదు.