ఎస్76తో రోజూ పని: తొడ కండరాల కోడ్లపై నా సమీక్ష

ద్వారకానగర్‌లో ఏ సందులోకి తిరిగినా మెడికల్ కోడింగ్ నేర్పుతామనే బోర్డు ఒకటి కనిపిస్తుంది. బీఫార్మసీ, బయోటెక్నాలజీ చదివినవాళ్లు అక్కడ నేర్చుకుని, వైజాగ్‌లోనే కూర్చుని అమెరికా ఆసుపత్రుల చార్టులు, అంటే రోగుల రికార్డులు, చదివి జబ్బులకు, గాయాలకు కోడ్లు వేస్తుంటారు. నేనూ ఆ బాపతే. కొన్నేళ్లుగా ఈడీ (ఎమర్జెన్సీ విభాగం), ఆర్థో (ఎముకల విభాగం) చార్టుల మీద ఉన్నాను. అమెరికాలో జబ్బులకు, గాయాలకు వాడే కోడ్ల జాబితా ఐసీడీ-10-సీఎం మొత్తాన్ని సమీక్షించేంత ఓపిక నాకు లేదు గానీ, నా చేతికి రోజూ తగిలే ఎస్76 గురించి, అంటే తుంటి, తొడ కండరాల గాయాల కోడ్ల గురించి, నాలుగు మాటలు చెప్పగలను.

వరస బాగా పెట్టారు. తొడ ముందుభాగంలోని క్వాడ్రిసెప్స్‌కి ఎస్76.1, లోపలివైపు అడక్టర్లకు ఎస్76.2, వెనకవైపు హామ్‌స్ట్రింగ్‌కి ఎస్76.3. ఐదో స్థానంలో 1 ఉంటే స్ట్రెయిన్ (కండరం పట్టేయడం లేదా చిరగడం), 2 ఉంటే తెగిన గాయం. ఆరో స్థానంలో 1 కుడి, 2 ఎడమ. పరిగెడుతూ కుడి హామ్‌స్ట్రింగ్ పట్టేసి ఈడీకి వచ్చిన మనిషికి ఎస్76.311ఏ. ఒక్కసారి తలకెక్కితే పుస్తకం తెరవకుండానే చెప్పేయొచ్చు. 2015 అక్టోబర్ 1కి ముందు అమెరికాలో నడిచిన ఐసీడీ-9లో తుంటి, తొడ స్ట్రెయిన్లన్నీ 843 కిందే ఉండేవి, కుడీ ఎడమా తేడా లేదు. డబ్ల్యూహెచ్‌ఓ వారి అసలు ఐసీడీ-10 కూడా ఎస్76.3 దగ్గరే ఆగిపోతుంది. ఆ లెక్కన ఇది చాలా మెరుగు.

నాకు నచ్చనిది గాయం తీవ్రతను చెప్పే గ్రేడ్ సంగతి. నాలుగు రోజులు ఐస్ పెట్టుకుంటే తగ్గే గ్రేడ్ 1కీ, కండరం పూర్తిగా తెగి ఆపరేషన్ దాకా వెళ్లిన గ్రేడ్ 3కీ ఒకటే కోడ్. కోడ్ పుస్తకం ఇండెక్స్‌లో కండరం 'టేర్' (చిరగడం) అని వెతికితే స్ట్రెయిన్ చూడమంటుంది, అంతే. ఎమ్మారై రిపోర్టులో డాక్టరు ఎంత వివరంగా రాసినా ఆ వివరం కోడ్‌లోకి రాదు. ఇరికిద్దామన్నా చోటు లేదు. ఏడు స్థానాలకు మించి కోడ్ ఉండదు, ఎస్76.311ఏతో ఏడూ నిండిపోయాయి.

ఎక్కువ టెన్షన్ పెట్టేది ఆ ఏడో అక్షరమే. "ఫాలోఅప్ అని ఉంది కదన్నా, డీ ఏసీసాను" అని కొత్తగా చేరిన తమ్ముళ్లు క్యూఏలో, అంటే వేసిన కోడ్లను మళ్లీ తనిఖీ చేసేచోట, దొరికిపోతుంటారు. ఏ అంటే మొదటిసారి రావడం కాదు, చికిత్స ఇంకా నడుస్తోందని. ఈడీ నుంచి ఆర్థో దగ్గరికి పంపితే, ఆయన ఎమ్మారై చూసి వైద్యం మొదలుపెట్టిన రోజుకీ ఏనే. ఆ వైద్యం అయిపోయి, మానే దశలో ఫిజియోథెరపీకి తిరుగుతుంటే డీ. ఇక ఎస్ పడేది పాత గాయం వల్ల ఏదైనా మిగిలిపోయినప్పుడు. అప్పుడు కూడా ముందు ఆ మిగిలిన సమస్య కోడ్, తర్వాతే ఎస్‌తో గాయం కోడ్. చార్టు పైన రాసిన విజిట్ పేరు చూసి అక్షరం పెట్టేవాళ్లకు ఆక్యురసీ ఎప్పటికీ రాదు.

చార్టు సరిగ్గా లేకపోతే ఎంత మంచి కోడైనా ఏం చేస్తుంది? హెచ్‌పీఐలో (రోగి చెప్పిన బాధ రాసే భాగం) ఎడమ తొడ వెనక నొప్పి అని ఉంటుంది, కిందికి వెళ్తే అసెస్‌మెంట్‌లో (డాక్టరు తేల్చినది) రైట్ హామ్‌స్ట్రింగ్ స్ట్రెయిన్. ఏది నిజమో తేల్చడం మన పని కాదు, డాక్టరుకు క్వెరీ పెట్టి అడగాలి. జవాబు వచ్చేలోపు మన టార్గెట్ ఆగదు కదా. ఏ కాలో తెలియదన్నట్టు ఎస్76.319ఏ వేసి వదిలించుకునేవాళ్లూ ఉన్నారు. కాలికి కుడి ఎడమలు లేకుండా ఉంటాయా? అలాంటి క్లెయిమ్‌ను తిప్పికొట్టే పేయర్లు (డబ్బు కట్టే బీమా సంస్థలు) ఉన్నారు.

చుట్టుపక్కల కోడ్లతోనూ జాగ్రత్త. దెబ్బ తగిలి కుడి తొడ కమిలితే అది ఎస్70.11ఎక్స్‌ఏ. అక్కడ ఖాళీ ఆరో స్థానం నింపడానికి ఎక్స్ కావాలి, ఎస్76.31 కింద అక్కర్లేదు. హామ్‌స్ట్రింగ్ మొదలయ్యే చోట ఎముక ముక్క ఊడి వస్తే ఎస్32.6 దగ్గరికి వెళ్లాలి. అవుట్‌పేషెంట్ చార్టులో 'ప్రాబబుల్ స్ట్రెయిన్' అని మాత్రమే ఉంటే స్ట్రెయిన్ వేయకూడదు. కుడి తొడ నొప్పి ఎం79.651తో సరిపెట్టుకోవాలి.

కోడ్లు వెతికిపెట్టే సాఫ్ట్‌వేర్ ఎన్‌కోడర్‌లో హామ్‌స్ట్రింగ్ అని కొడితే కోడ్ చప్పున వస్తుంది, నిజమే. కానీ నేను వాడినదాంట్లో నోట్స్ కోసం ఇంకో క్లిక్ నొక్కాలి, హడావిడిలో ఎవరూ నొక్కరు. బయటికి తెరుచుకున్న గాయం (ఓపెన్ ఊండ్) కూడా ఉంటే ఎస్71 కలపమనే సూచన, తుంటి కీలు స్ప్రెయిన్‌ను (లిగమెంట్ బెణుకు) ఎస్73.1కి పంపే ఎక్స్‌క్లూడ్స్2 (ఇది ఈ కోడ్‌లో భాగం కాదనే గమనిక) ఆ నోట్స్‌లోనే ఉంటాయి. అందుకే నా డెస్కు మీద ఇప్పటికీ పుస్తకం ఉంటుంది. కోడర్ల సర్టిఫికేషన్ పరీక్ష సీపీసీకి కూడా పుస్తకాలు తీసుకెళ్లనిస్తారు కాబట్టి, ఫ్రెషర్లు మొదటి రోజు నుంచే టాబ్యులర్ పేజీలు (కోడ్లు నోట్స్‌తో సహా వరసగా ఉండే భాగం) తిప్పడం అలవాటు చేసుకుంటే మంచిది.

సెకండ్ హ్యాండ్‌లో సగం ధరకు వస్తోందని పాత ఎడిషన్ మాత్రం కొనకండి. ఎస్76లో తేడా కనిపించకపోవచ్చు గానీ, ఏటా అక్టోబర్ 1కి మిగతా చాప్టర్లలో ఏదో ఒకటి మారుతూనే ఉంటుంది.