వేల్స్ బాక్సర్‌కి ఏది మేలు: సొంత జెర్సీనా, బ్రిటన్ జెర్సీనా?

2022 బర్మింగ్‌హామ్ కామన్వెల్త్ క్రీడల్లో మన నిజామాబాద్ అమ్మాయి నిఖత్ జరీన్ 50 కేజీల స్వర్ణం దాకా ఎవరెవర్ని దాటి వెళ్లిందో చూడండి. క్వార్టర్స్‌లో వేల్స్ బాక్సర్ హెలెన్ జోన్స్, సెమీస్‌లో ఇంగ్లండ్‌కి చెందిన సవానా స్టబ్లీ, ఫైనల్లో ఉత్తర ఐర్లాండ్‌కి చెందిన కార్లీ మెక్‌నాల్. అదే ఒలింపిక్స్ అయితే జోన్స్, స్టబ్లీలలో ఒక్కరికే చోటు. ఒక వెయిట్‌కి దేశానికి ఒక్కరే, అక్కడ ఆ ఇద్దరి దేశమూ గ్రేట్ బ్రిటనే. మెక్‌నాల్ లాంటి ఉత్తర ఐర్లాండ్ బాక్సర్లు ఐర్లాండ్ తరఫున వెళ్తారు కాబట్టి వాళ్ల దారి వేరు.

వేల్స్ అమెచ్యూర్ బాక్సర్ కెరీర్ అంతా ఈ రెండు జెర్సీల మధ్యే నడుస్తుంది. కామన్వెల్త్, ప్రపంచ చాంపియన్‌షిప్, యూరోపియన్ చాంపియన్‌షిప్‌లలో వేల్స్ పేరు. ఒలింపిక్స్‌లోనూ, ఒలింపిక్ అర్హత దొరికే యూరోపియన్ గేమ్స్‌లోనూ బ్రిటన్ పేరు. యూరోపియన్ చాంపియన్‌షిప్, యూరోపియన్ గేమ్స్ ఒకటే అనుకుని పొరబడేవాళ్లు చాలామంది. అవి వేర్వేరు పోటీలు, జెర్సీ కూడా వేరే.

వేల్స్ జెర్సీకి ఉన్న పెద్ద లాభం, తలుపు వెడల్పు. సొంత దేశంలో నెగ్గితే చాలు, ఇంగ్లండ్ వాళ్లతో పోటీ రింగులోనే. పైగా కామన్వెల్త్ డ్రా (అంటే ఒక వెయిట్‌లో తలపడేవాళ్ల జాబితా) చిన్నది, సెమీస్‌లో ఓడిన ఇద్దరికీ కాంస్యం ఇస్తారు. లారెన్ ప్రైస్ 2014 గ్లాస్గో కాంస్యంతోనే పైకొచ్చింది. కామన్వెల్త్ బాక్సింగ్‌లో పతకం గెలిచిన తొలి వేల్స్ మహిళ ఆమే.

బ్రిటన్ జెర్సీకి తలుపు ఇరుకు, లోపలికెళ్తే సౌకర్యాలు మాత్రం గొప్పవి. ఇంగ్లండ్‌లోని షెఫీల్డ్‌లో ఉన్న బ్రిటన్ జట్టు శిక్షణ క్యాంపులో జాతీయ లాటరీ నుంచి వచ్చే నిధులు, పూర్తికాల కోచ్‌లు, అన్నిటికన్నా ముఖ్యంగా రోజూ సమఉజ్జీలతో స్పారింగ్ (సాధన బౌట్లు). కార్డిఫ్ నుంచి దాదాపు 300 కిలోమీటర్లు. వారంలో ఎక్కువ రోజులు అక్కడే గడపాలి. ఆ వెయిట్‌లో అప్పటికే దిట్ట ఒకరు పాతుకుపోయి ఉంటే ఎంత బాగా ఆడినా లాభం లేదు. వేల్స్ బాక్సర్ షాన్ మెక్‌గోల్డ్రిక్ సంగతి అదే. 2010 ఢిల్లీ కామన్వెల్త్‌లో బాంటమ్ వెయిట్ (56 కేజీలు) రజతం, ఆపై శ్రీలంక విజేత డోపింగ్‌లో దొరకడంతో అది స్వర్ణమైంది. అయినా లండన్ ఒలింపిక్స్‌లో బ్రిటన్ బాంటమ్ చోటు ల్యూక్ క్యాంప్‌బెల్‌ది. అతను స్వర్ణమే తెచ్చాడు, కాబట్టి ఎంపికని తప్పుపట్టే వీలు కూడా లేదు! అదే లండన్‌లో 69 కేజీల చోటు దక్కిన కార్డిఫ్ కుర్రాడు ఫ్రెడ్ ఎవాన్స్, సెమీస్‌లో ఉక్రెయిన్‌కి చెందిన షెలెస్త్యుక్‌ని 11-10తో దాటి రజతం పట్టాడు.

మా లెక్కలో ఈ ప్రశ్నకి జవాబు చెప్పేది జెర్సీ కాదు, తూకం యంత్రం. వేల్స్ బాక్సర్ రోజీ ఎకిల్స్ 2022 బర్మింగ్‌హామ్‌లో 70 కేజీల స్వర్ణం గెలిచింది. క్వార్టర్స్‌లో మన లవ్లీనా బోర్గోహైన్‌పై 3-2 స్ప్లిట్ డెసిషన్ (జడ్జీలు చీలిన తీర్పు), ఫైనల్లో ఆస్ట్రేలియాకి చెందిన కే స్కాట్‌తో బౌట్‌ని రెండో రౌండ్‌లోనే రిఫరీ ఆపేశాడు. కానీ పారిస్ ఒలింపిక్స్‌లో 70 కేజీలే లేదు. 66 ఉంది, తర్వాత 75. లవ్లీనా 75కి ఎక్కింది, ఎకిల్స్ 66కి దిగింది. పారిస్‌లో ఎకిల్స్ తొలి బౌట్‌లోనే పోలండ్‌కి చెందిన అనెటా రిగియెల్స్కా చేతిలో స్ప్లిట్ డెసిషన్‌తో ఓడింది. ఓటమికి వెయిట్ ఒక్కటే కారణం అనలేం గానీ, ఆ నాలుగు కేజీలు చిన్న విషయం కాదు. అమెచ్యూర్‌లో బౌట్ ఉన్న ప్రతి రోజూ పొద్దున తూకం వేస్తారు. నీళ్లు మానేసి ఒక్కరోజు తగ్గించుకునే ఎత్తుగడ టోర్నీలో రెండో బౌట్‌కల్లా కాళ్లలో సత్తువ తీసేస్తుంది. నెలల ముందే శరీరాన్ని ఆ వెయిట్‌కి అలవాటు చేయాలి.

ప్రైస్‌ది దీనికి తిరగేసిన కథ. 75 కేజీలలో పెద్ద శరీరాల మధ్య చిన్నది, అయినా కాళ్ల వేగంతో నెట్టుకొచ్చింది. 2018 గోల్డ్ కోస్ట్ కామన్వెల్త్ స్వర్ణం, 2019 ప్రపంచ చాంపియన్‌షిప్ స్వర్ణం వేల్స్ పేరుతో. 2019 మిన్స్క్ యూరోపియన్ గేమ్స్ స్వర్ణం, టోక్యో ఒలింపిక్ స్వర్ణం బ్రిటన్ పేరుతో. ప్రపంచ ఫైనల్లో ముందు డచ్ బాక్సర్ నౌష్కా ఫొంటైన్‌ని విజేతగా ప్రకటించి, అప్పీల్ తర్వాత మార్చారు. టోక్యో సెమీస్‌లో మళ్లీ ఆమే ఎదురైంది, ప్రైస్ 3-2తో నెగ్గింది.

పందొమ్మిది, ఇరవై ఏళ్ల వయసులో ఉన్నవాళ్లకి వేల్స్ జెర్సీయే మేలు: బౌట్లు ఎక్కువ దొరుకుతాయి, పేరొస్తుంది, షెఫీల్డ్ కంట్లో పడతారు. సహజమైన బరువు ఒలింపిక్ వెయిట్‌కి ఒకటి రెండు కేజీల దూరంలో ఉండి, అక్కడ పాతుకుపోయిన దిట్ట లేకపోతే బ్రిటన్ క్యాంపు వదులుకోకూడదు. పారిస్‌లో 70 లాగా ఒలింపిక్స్‌లో లేని మధ్య వెయిట్ అయితే కామన్వెల్త్ స్వర్ణం చేతిలో ఉండగానే ప్రొఫెషనల్ వైపు చూడటంలో తప్పు లేదు. అక్కడ తూకం బౌట్‌కి ముందురోజే, కోలుకునే సమయం దొరుకుతుంది. టోక్యోలో 75లో కొట్టిన ప్రైస్ 2024 మేలో కార్డిఫ్‌లో జెస్సికా మెకాస్కిల్‌ని ఓడించి డబ్ల్యూబీఏ (వరల్డ్ బాక్సింగ్ అసోసియేషన్) ప్రపంచ టైటిల్ గెలిచింది వెల్టర్ వెయిట్‌లో, అంటే 66.7 కేజీల పరిమితిలో.