లగ్గం చీరకు లేత రంగా, ముదురు రంగా: ఏది మేలు?

వరంగల్‌లోనైనా హన్మకొండలోనైనా పట్టు చీరల దుకాణంలో కూర్చోగానే ముందు పరిచేవి లేత రంగులే: పిస్తా, పీచ్, లావెండర్, లేత గులాబి. "ఇప్పుడు ఇవే నడుస్తున్నయ్ మేడం" అంటారు. మెరూన్, చిలకపచ్చ, ఎర్ర అంచు పసుపు చీరలు అడిగితేనే కిందికి దిగుతాయి. ఏది నడుస్తున్నదన్న మాట పక్కనపెట్టి, ఆ చీర మీద ఏమేం పడతాయి, ఏ వెలుతురులో కట్టుకుంటారు అని చూస్తే సగం సంగతి తేలిపోతుంది.

ముందు పసుపు సంగతి. కొత్త బట్ట మూలకు పసుపు పెట్టడంతో మొదలై, జీలకర్ర బెల్లం, తలంబ్రాలు, ఒడిబియ్యం దాకా చీరకు పసుపు తగలని ఘట్టం ఉండదు. తడి చేత్తో కలిపిన తలంబ్రాలు కుచ్చిళ్లలో ఇరుక్కుంటే పిస్తా, లావెండర్ పట్టు మీద మచ్చ పక్కా. కంగారుపడి సబ్బుతో రుద్దితే మచ్చ ఎర్రగా తిరుగుతుంది. సబ్బులోని క్షారం తగిలితే పసుపుది అదే గుణం, సున్నం కలిపితే పారాణి ఎర్రబడేదీ అందుకే. పసుపు మరక ఎండకు వెలుస్తుంది నిజమే, కానీ దానితోపాటు పట్టు రంగూ వెలుస్తుంది. కాబట్టి పొడిగా ఉన్నప్పుడే దులపాలి, నీళ్లు పెట్టొద్దు. డ్రై క్లీనింగ్‌కు ఇచ్చేటప్పుడు మరక ఎక్కడుందో, అది పసుపేనని విడిగా చెప్పాలి. మెరూన్, ముదురు ఆకుపచ్చ, ఎరుపు ఈ పరీక్షలో సులువుగా నెగ్గుతాయి. లేత రంగే కావాలని మనసు పీకుతుంటే గంధం రంగు మీద ఎర్ర అంచు తీసుకోండి. లేతదనమూ ఉంటుంది, పసుపు పడ్డా కలిసిపోతుంది.

ముదురు రంగులకూ ఒక బెడద ఉంది, రంగు దిగడం. ఎర్ర అంచు తెల్ల మధుపర్కాల్లో, కాంట్రాస్ట్ అంచు చీరల్లో చెమట తగిలితే అంచు రంగు చీర ఒంటి మీదికి పాకుతుంది. కొనేటప్పుడే తడి తెల్ల నూలు గుడ్డతో అంచు లోపలి వైపు రుద్ది చూడండి. గుడ్డకు రంగంటితే ఆ చీర వదిలేయడమే. దుకాణదారు ముఖం మాడ్చుకుంటే మాడ్చుకోనివ్వండి.

ఇక వెలుతురు. దుకాణం తెల్ల ట్యూబ్‌లైట్ కింద పీచ్‌గా కనిపించిన చీర, ఫంక్షన్ హాల్లో పసుపు బల్బుల కింద మీగడ రంగుకు దిగిపోతుంది. రాత్రి ముహూర్తమైతే వీడియో వాళ్ల ఫోకస్ లైటు పడి లేత పట్టు తెల్లగా వెలిగిపోతుంది, జరీ బుటాలు కనపడవు. నీలం, ఊదా ఎల్‌ఈడీలు వేస్తే మెరూన్ నల్లగా తేలుతుంది. పగలు, పచ్చి పందిట్లో లగ్గమైతే ఈ గొడవే లేదు, ఏ రంగైనా ఉన్నట్టే కనిపిస్తుంది. హాలే అయితే జాకెట్టు ముక్క పట్టుకుని సాయంత్రం వెళ్లి, మండపం లైట్లు వేయించి ఫోన్‌తో ఒక ఫొటో తీసుకోండి. ముహూర్తం వేళ రంగు లైట్లు వద్దని డెకరేషన్ వాళ్లకు ముందే చెప్పండి.

నగల వైపు నుంచి చూసినా ముదురు రంగుదే పైచేయి. పసుపు బంగారం ఎరుపు, ఆకుపచ్చ మీద విడిగా మెరుస్తుంది, పీచ్ మీద కలిసిపోతుంది. లేత చీరకు కెంపులో పచ్చలో ఉన్న నగైతే నిలబడుతుంది. మండపంలో వెనక తెర కూడా చీర రంగులోనే ఉంటే పెళ్లికూతురు అందులో కలిసిపోతుంది, కాబట్టి ఒకటి లేతదైతే రెండోది ముదురుగా ఉండాలి. అరటి, మామిడి ఆకుల పచ్చదనం రెంటికీ పనికొస్తుంది. వేసవి లగ్గాలకు బంతి ఎండను ఓర్చుకుంటుంది, లేత గులాబీలు మధ్యాహ్నానికే రెక్కల అంచులు నల్లబడతాయి.

లేత రంగుతో ఇంకో చిక్కు, జత దొరకడం. రెండు పిస్తాలు ఒకలా ఉండవు. జాకెట్టు ముక్క చీరతో వచ్చినదే అయ్యుండాలి. లంగా, ఫాల్ తేడా ఉంటే పలచని పట్టులోంచి కనపడుతుంది. చంకల దగ్గర చెమట మరకా లేత జాకెట్టు మీదే బాగా తెలుస్తుంది, లోపల ప్యాడ్లు కుట్టించాల్సిందే. వీటికోసం రెండుమూడు సార్లు మ్యాచింగ్ సెంటర్ల చుట్టూ తిరగడానికి ఓపికుంటేనే అటు వెళ్లండి.

అందుకే లగ్గానికి ముదురు రంగు గానీ గంధం రంగు గానీ, రిసెప్షన్‌కు లేత రంగు. రిసెప్షన్‌లో పసుపు నీళ్లుండవు, అంతసేపు కింద కూర్చునేదీ ఉండదు.

చుట్టాలందరికీ ఒకే రంగు చెప్పడం మాత్రం మేలు కాదు. మింట్ గ్రీన్ అంటే మేనత్తలు, పిన్నులు ఒక్క పూట కోసం కొత్త చీర కొనాలి. ఎరుపు, పసుపు, ఆకుపచ్చల్లో ఏదైనా సరే అంటే బీరువాలో ఉన్నదే కట్టుకొస్తారు. తంగేడు పసుపు, బంతి నారింజ, రంగులద్దిన గునుగు ఒకే తాంబాళంలో పేర్చే బతుకమ్మకు మ్యాచింగ్ ఎవరు చూశారు?

లేత చీరకు తర్వాతి కాలంలో ఒక వెసులుబాటుంది. మరకపడితే ముదురు రంగు అద్దించుకోవచ్చు, ముదురుదాన్ని లేతగా తేవడం దాదాపు కుదరదు. అయితే అద్దకం వేడికి కొన్ని జరీలు మెరుపు తగ్గుతాయి. జాకెట్టు కుట్టగా మిగిలిన జరీ ముక్క దర్జీ దగ్గర వదిలేయకండి, అద్దకం ముందు దాని మీదే వేయించి చూడొచ్చు.