నూయర్ మందల నుంచి ఏసీ గార్డ్స్ దాకా: ఏళ్లుగా నాతో ఉన్న ఆఫ్రికా పుస్తకాలు

ఆఫ్రికా జనాల మీద వచ్చిన పుస్తకాలు ముఖ్యంగా రెండు రకాలు. ఒక రకం ఏదో ఒక జాతి మధ్య కూర్చుని వాళ్లు ఏం తింటారు, పెళ్లిళ్లు ఎలా చేస్తారు, తగవులు ఎలా తీర్చుకుంటారు అని రాస్తుంది. రెండో రకం ఆ జనం ఎక్కడ బయల్దేరి ఎక్కడికి చేరారో చెబుతుంది. కాలేజీలో చరిత్ర పాఠం చెప్పే పని వల్ల రెండు రకాలూ చాలా ఏళ్లుగా నా చేతుల్లో నలిగాయి. నేను గట్టిగా చెప్పగలిగేది ఒకటే: వీటిని జతగా చదవాలి. మొదటి రకమే చదివితే ఆఫ్రికా పల్లె తరతరాలుగా కదలకుండా అలాగే ఉందనిపిస్తుంది. రెండోదే చదివితే మనుషులు మాయమై మ్యాపు మీద బాణం గుర్తులే మిగులుతాయి.

బ్రిటిష్ మానవశాస్త్రవేత్త ఇవాన్స్-ప్రిచర్డ్ 1940లో తెచ్చిన 'ది నూయర్' మొదటి రకానికి పెద్దదిక్కు. ఇప్పటి దక్షిణ సూడాన్‌లో, నైలు నది చిత్తడి నేలల్లో పశువులే లోకంగా బతికే నూయర్ల గురించి రాశాడు. వానాకాలం నేలంతా మునుగుతుంది కాబట్టి మెట్ట మీద ఊళ్లలో ఉంటారు. ఎండాకాలం నీళ్లు వెతుక్కుంటూ మందలతో నదుల ఒడ్డుకు దిగుతారు. పొద్దును కూడా పశువుల పనితోనే లెక్కపెడతారు: పాలు పితికే వేళ, మేతకు తోలే వేళ, మంద తిరిగొచ్చే వేళ. ఈ భాగాలు ఎన్నిసార్లు చదివినా నాకు విసుగు పుట్టలేదు. వంశాల మీద రాసిన అధ్యాయాలు మాత్రం బరువు. మొదటిసారి చదివేవాళ్లు వాటిని పక్కన పెట్టి, తర్వాత తిరిగి రావచ్చు.

నన్ను ఇప్పటికీ ఇబ్బంది పెట్టేది వేరే ఉంది. ఆ పరిశోధనకు డబ్బు ఇచ్చింది అప్పటి ఆంగ్లో-ఈజిప్షియన్ సూడాన్ ప్రభుత్వం, అంటే బ్రిటన్, ఈజిప్టుల పేరు మీద నడిచిన వలస సర్కారు. ఒక తెల్లవారుజామున సర్కారు బలగం తామున్న విడిదిని చుట్టుముట్టి, తిరుగుబాటు నడిపిన ఇద్దరు ప్రవక్తల కోసం వెతికి, కొందరిని బందీలుగా పట్టుకుపోయిందని పరిచయంలో రచయితే రాశాడు. దాచకుండా రాసినందుకు ఆయన మీద గౌరవమే. అయితే పుస్తకం ముందుకు సాగేకొద్దీ ఆ బలగం, ఆ భయం వెనక్కి జరిగిపోతాయి. ఎవరి జోలీ లేకుండా తమ లెక్క ప్రకారం తాము బతికే సమాజం ఒకటి కళ్ల ముందు నిలుస్తుంది.

అందుకే దాని పక్కనే అమెరికన్ మానవశాస్త్రవేత్త షారన్ హచిన్సన్ రాసిన 'నూయర్ డైలమాస్' పెట్టుకోమంటాను. 1996లో వచ్చింది. ఆమె అదే నూయర్ల దగ్గరికి 1980ల మొదట్లో, మళ్లీ 1990ల మొదట్లో వెళ్లింది. అప్పటికి డబ్బు, తుపాకి, అంతర్యుద్ధం అన్నీ వచ్చేశాయి. పట్నాల్లో మరుగుదొడ్ల బకెట్లు ఎత్తి సంపాదించిన డబ్బును నూయర్లు మలం డబ్బు అనేవాళ్లట. దాంతో ఆవును కొంటే ఆ ఆవు బతకదని నమ్మకం. ఆవు మామూలు సరుకు కాదు మరి. పెళ్లికి ఆడపిల్లవాళ్లకు ఓలి ఇచ్చేది ఆవుల్లో, హత్యకు పరిహారం ఇచ్చేదీ ఆవుల్లోనే. ఈటెతో చంపితే ఎవరు చంపారో తెలుస్తుంది, ఆ రక్తదోషానికి శుద్ధి ఉంది. తుపాకి గుండు ఎవరిదో తెలియనప్పుడు ఆ దోషం ఎవరిది? ఈ ప్రశ్నతో వాళ్లు పడే బాధ చదువుతుంటే గుండె బరువెక్కుతుంది. ఇక్కడ చెప్పే పుస్తకాలన్నిట్లో ఒక్కటే కొనగలిగితే ఇదే కొనండి.

వలస పుస్తకాల్లో నాకు ప్రాణం లాంటిది కెన్యా చరిత్రకారుడు బెత్వెల్ ఒగాట్ 1967లో తెచ్చిన దక్షిణ లువోల చరిత్ర. లువోల భాష నూయర్, డింకా భాషలకు చుట్టం. అంటే నూయర్ల పుస్తకం మూసి దీన్ని తెరిస్తే ఆ బంధువర్గంలోనే ఒక పాయ దక్షిణానికి సాగి, ఉగాండా దాటి, విక్టోరియా సరస్సు ఒడ్డుకు చేరడం చూస్తాం. ఒకేసారి కాదు, ఒకే గుంపుగానూ కాదు. జోకా-జోక్, జోకా-ఒవిని, జోకా-ఒమోలో అంటూ పాయలు పాయలుగా, కొన్ని వందల ఏళ్లు.

ఒగాట్ స్వయానా లువో. నోటి మాట చరిత్ర ఎలా అవుతుందని యూనివర్సిటీలు పెదవి విరిచే రోజుల్లో ఊళ్లు తిరిగి పెద్దల్ని కూర్చోబెట్టి వంశావళులు చెప్పించుకున్నాడు. తరానికి సగటున ఇన్నేళ్లని వేసుకుని, ఒక వంశం చెప్పినదాన్ని పొరుగు వంశం చెప్పినదానితో సరిచూసి కాలం కట్టాడు. లువో జనాల్లో ఒక కథ ఉంది. అన్నదమ్ముల్లో ఒకడు రెండోవాడి ఈటెను ఏనుగు మీద విసిరి పోగొడతాడు, అదే ఈటె తెచ్చివ్వమంటాడు రెండోవాడు. తర్వాత మొదటివాడి పూసను రెండోవాడి బిడ్డ మింగితే, అదే పూస కావాలని పట్టుబడతాడు మొదటివాడు. బిడ్డ పొట్ట చీలుస్తారు. అన్నదమ్ములు విడిపోయి తలో దిక్కు వెళ్తారు. ఇలాంటి కథల్ని కొట్టిపారేయకుండా, ఉన్నదున్నట్టు నమ్మేయకుండా ఎలా చదవాలో నాకు నేర్పింది ఈ పుస్తకమే. లోపమేమిటంటే వంశాల పేర్లు వరదలా వస్తాయి. పక్కన కాగితం పెట్టుకుని చెట్టు గీసుకోకపోతే నాలుగు పేజీల్లో దారి తప్పుతారు. పాత ప్రతులే దొరుకుతాయి, అవీ కష్టం మీద.

బంటు భాషలు మాట్లాడే జనాలు ఆఫ్రికా మధ్య, దక్షిణ భాగాలకు వ్యాపించిన బంటు వలసల కోసం చరిత్రకారుడు జాన్ వాన్సినా 'పాత్స్ ఇన్ ది రెయిన్‌ఫారెస్ట్స్' (1990) చదవండి. నైజీరియా, కామెరూన్ సరిహద్దుల దగ్గర నాలుగైదు వేల ఏళ్ల కింద మొదలైన కదలికను దండయాత్రలా కాక, కొత్త పొలం కోసం కొద్దికొద్దిగా జరిగే ప్రయాణంగా చూపిస్తాడు. ఆసియా నుంచి వచ్చిన అరటి ఆ అడవుల్లో బతుకును ఎంత మార్చిందో చెప్పే భాగం బాగుంటుంది. డీఎన్ఏ పరిశోధనలు పెద్దఎత్తున రాకముందు రాసింది కనుక వాటిని వేరేగా చూసుకోవాలి. యునెస్కో ఎనిమిది సంపుటాల ఆఫ్రికా చరిత్ర పీడీఎఫ్‌లు ఉచితం. మొదటి సంపుటం చాలు, మిగతావి అవసరాన్ని బట్టి తెరుచుకోవచ్చు.

ఇక మన వైపు సంగతి. శాంతి సాదిక్ అలీ 1996లో రాసిన 'ది ఆఫ్రికన్ డిస్పర్సల్ ఇన్ ది డెక్కన్' దక్కన్‌కు వచ్చిన ఆఫ్రికన్ల మీద నేను ఎక్కువగా వాడిన పుస్తకం. ఇథియోపియాలో పుట్టి, బానిసగా అమ్ముడై, అహ్మద్‌నగర్ రాజ్యాన్నే నడిపి 1626లో పోయిన మాలిక్ అంబర్ లాంటివాళ్ల గురించి వివరంగా ఉంటుంది. కానీ ఎక్కువ భాగం సుల్తానుల దర్బార్లు, యుద్ధాలు, పదవులే. మామూలు సిద్దీ కుటుంబం (ఇక్కడ స్థిరపడిన ఆఫ్రికా మూలాల వాళ్లను సిద్దీలంటారు) ఏం వండుకుంది, పిల్లలకు ఏ కథ చెప్పింది అన్నది పలచగా ఉంటుంది. హైదరాబాద్‌లో రోజూ ఏసీ గార్డ్స్ మీదుగా వెళ్లేవాళ్లలో చాలామందికి అది నిజాం కొలువులోని ఆఫ్రికన్ కావల్రీ గార్డ్స్ పేరని తెలియదు. ఆ అశ్వదళం మూలాలు వనపర్తి సంస్థానంలో ఉన్నాయి. లువో పెద్దల దగ్గర ఒగాట్ చేసిన పని ఈ కుటుంబాల పెద్దల దగ్గర, తెలుగులోనో ఉర్దూలోనో, ఎవరైనా ఓపిగ్గా చేయాలి. అలాంటి పుస్తకం ఇప్పటికే ఉంటే దయచేసి నాకు చెప్పండి, వెతికి కొనుక్కుంటాను.