డెవిల్ మే క్రై: ఆరో భాగమా, మళ్లీ మొదటి నుంచా?

డెవిల్ మే క్రై క్యాప్‌కామ్ సంస్థ యాక్షన్ వీడియో గేమ్ సిరీస్. 2001లో మొదలైన ఈ సిరీస్‌లో ఐదో భాగం 2019 మార్చిలో వచ్చింది. తర్వాత ఆరో భాగం రావాలా, కథను మళ్లీ కొత్తగా మొదలుపెట్టాలా అన్నదే ప్రశ్న. చివర్లో అన్నదమ్ములు డాంటే, వెర్జిల్ క్లిఫోత్ అనే రాక్షస చెట్టు వేళ్లు నరకడానికి పాతాళంలోకి దిగారు, వెర్జిల్ కొడుకు నీరో పైనే ఉండిపోయాడు. అంటే కథకు తలుపు తెరిచే ఉంది.

ఆట పరంగా కూడా పునాది గట్టిది. క్యాప్‌కామ్ సొంత గేమ్ సాఫ్ట్‌వేర్ ఆర్‌ఈ ఇంజిన్, సెకనుకు 60 ఫ్రేములు, డి-ప్యాడ్ (కంట్రోలర్‌పై నాలుగు దిక్కుల బటన్లు) మీద డాంటే నాలుగు పోరాట స్టైళ్లు. గాలిలో శత్రువు ఒంటికి ఆనుకుని ఉండగా జంప్ నొక్కితే, వేస్తున్న దెబ్బ మధ్యలోనే తెగి గాలిలో వాడేసిన దెబ్బలన్నీ మళ్లీ చేతికొస్తాయి. ఏళ్ల తరబడి ఇంకా కొత్త కాంబోలు (ఆగకుండా కొట్టే దెబ్బల వరుసలు) పుడుతున్నాయంటే కారణం ఈ జంప్ రద్దే.

కొత్తగా మొదలుపెట్టడం ఒకసారి జరిగింది. 2013లో నింజా థియరీ అనే స్టూడియో చేసిన ఆట కన్సోళ్లలో 30 ఫ్రేములకే ఆగింది, ఒక శత్రువు మీదే గురి నిలిపే లాక్-ఆన్ లేదు. నీలం శత్రువుకు ఏంజెల్ ఆయుధాలే తగులుతాయి. డెమన్ ఆయుధమైన గొడ్డలితో కొడితే దెబ్బ తగలకుండా వెనక్కి తుళ్లి కాంబో అక్కడే తెగుతుంది. 2015లో అదే ఆటకు వచ్చిన మెరుగైన రూపం, డెఫినిటివ్ ఎడిషన్, ఈ మూడింటినీ సరిదిద్దింది కానీ, అప్పటికే ఆలస్యమైంది. నగరమే గోడలు కదిపి మీద పడే ఆ దశల రూపకల్పన మాత్రం నిజంగా గొప్పది, ఆరో భాగం దాన్ని తీసుకోవాలి.

నా ఓటు ఆరో భాగానికే. ఒక్క చిక్కుంది: మూడు, నాలుగు, ఐదు భాగాలను నడిపించిన హిదెయాకి ఇత్సునో 2024లో క్యాప్‌కామ్ వదిలి వెళ్లారు. కథ కంటే ముందు, ఆ జంప్ రద్దు లెక్కలు తెలిసిన చేతులు కావాలి.